రోగానికి కారణం ఎక్కడ ఆగుతుంది?

చరక సంహిత విమానస్థానం మూడో అధ్యాయంలో అగ్నివేశుడు తన గురువు ఆత్రేయుణ్ని ఒక ఇబ్బందికరమైన ప్రశ్న అడుగుతాడు. మనుషుల శరీరతత్వం ఒకటి కాదు, తిండి ఒకటి కాదు, బలమూ వయసూ ఒకటి కావు. అలాంటప్పుడు ఒకే కాలంలో ఒకే రోగం వచ్చి ఊళ్లకు ఊళ్లు ఎలా ఖాళీ అవుతాయి? ప్రతి మనిషి జబ్బునూ అతని వాత పిత్త కఫాల లెక్కతో తేల్చే శాస్త్రానికి ఇది మింగుడుపడని ప్రశ్న. ఆత్రేయుడు తడుముకోలేదు. గాలి, నీరు, నేల, కాలం అందరికీ ఉమ్మడివి, అవి చెడితే జనపదమంతా చెడుతుంది అన్నాడు. చాలామంది గ్రంథకర్తలు అక్కడితో అధ్యాయం ముగించేవారు. ఆయన ఇంకో మెట్టు దిగాడు. ఆ నాలుగూ చెడటానికి మూలం అధర్మం, అది పాలకుల దగ్గర మొదలై వాళ్ల కింది ఉద్యోగులకు, పట్టణాలకు, పల్లెలకు, వర్తకులకు పాకుతుంది అన్నాడు.

ఇందులో వైద్యం ఎంత, నీతిబోధ ఎంత అన్న చర్చ పక్కన పెడదాం. రోగాల పుట్టుక మీద వచ్చిన పుస్తకాలను తూచడానికి ఈ అధ్యాయం మంచి కొలత ఇస్తుంది. ఎందుకు అని రచయిత ఎన్నిసార్లు అడిగాడు, ఎక్కడ చాలు అనుకున్నాడు? క్రిమి దొరకగానే పుస్తకం మూసేసినవాళ్లున్నారు. ఆధారం అయిపోయాక కూడా అడుగుతూ పోయి కథల్లో పడ్డవాళ్లూ ఉన్నారు. ఒక పుస్తకం నిలబడుతుందా లేదా అన్నది చాలావరకు ఈ ఆగే చోటును బట్టే ఉంటుంది.

ఇటలీలోని మోడెనా నగరంలో బెర్నార్డినో రమజ్జినీ అనే వైద్యుడు 1700లో పనివాళ్ల జబ్బుల మీద లాటిన్‌లో ఒక పుస్తకం వేశాడు. ఆ ఆలోచన ఎలా వచ్చిందో ఆయనే రాశాడు. ఇంటి మరుగుదొడ్డి గుంట ఎత్తిపోయడానికి వచ్చిన మనిషి ఒళ్లు దాచుకోకుండా, విపరీతమైన ఆత్రంతో పని చేస్తున్నాడు. అంత తొందర దేనికి, నెమ్మదిగా చేస్తే అలసట తగ్గుతుంది కదా అని అడిగితే అతను తలెత్తి చూశాడు. ఈ గుంటలో నాలుగు గంటలకు మించి ఉండటమంటే ఏమిటో దిగినవాడికే తెలుసు, కళ్లు పోతాయి అన్నాడు. పైకి వచ్చాక రమజ్జినీ అతని కళ్లు చూస్తే ఎర్రబడి, మసకబారి ఉన్నాయి. ఇదే పని చేసి చూపు పోయినవాళ్లు ఊళ్లో అడుక్కుంటున్న సంగతి ఆయన తర్వాత గమనించాడు.

రోగి పక్కన కూర్చుని వైద్యుడు అడగవలసిన ప్రశ్నలు హిప్పోక్రటీస్ కాలం నుంచీ ఉన్నాయి. రమజ్జినీ వాటికి ఇంకొకటి చేర్చాడు: నువ్వు చేసే పని ఏమిటి? 1713లో పెంచిన కూర్పు వచ్చేసరికి ఆయన పుస్తకం యాభైకి పైగా వృత్తులను చుట్టింది. కుమ్మరి ఒంట్లోకి సీసం, బంగారు పూత వేసేవాడి ఒంట్లోకి పాదరసం ఎలా చేరతాయో, రాతగాళ్ల చేతులు ఎందుకు చచ్చుబడతాయో చెప్పాడు. సన్యాసినుల్లో రొమ్ము క్యాన్సర్ మిగతా ఆడవాళ్లలో కంటే ఎక్కువని కూడా రాశాడు. దానికి ఆయన చెప్పిన కారణం ఇప్పుడు నిలవదు, చూసినది మాత్రం నిజం. పని వల్ల జబ్బు వస్తుందంటే, ఆ పని ఎవరు చేయిస్తున్నారు, వేరే దారి లేక ఎవరు చేస్తున్నారు అన్న ప్రశ్న దాని వెనకే వస్తుంది. మన దేశంలో సెప్టిక్ ట్యాంకుల్లో మనుషుల్ని దించకూడదని 2013లో చట్టం వచ్చాక కూడా ఆ చావుల వార్తలు ఆగలేదు. రమజ్జినీ పుస్తకం పాతబడలేదని చెప్పడానికి వేరే రుజువు అక్కర్లేదు.

కలరా మీద లండన్ వైద్యుడు జాన్ స్నో రాసిన పుస్తకం ఇంతకంటే పేరున్నది. 1849లో చిన్న పుస్తకంగా వచ్చి 1855లో పెరిగింది. లండన్ బ్రాడ్ స్ట్రీట్‌లో చేతి పంపు నీళ్లే కలరాకు కారణమని దాని పిడి ఊడదీయించిన కథనే అందరూ చెబుతారు. నిజానికి 1854 సెప్టెంబరు 8న పిడి తీసేనాటికి అక్కడ కలరా తగ్గుముఖం పట్టింది, జనంలో చాలామంది ఊరొదిలి పోయారు. స్నో అసలు బలం దక్షిణ లండన్ లెక్కల్లో ఉంది. అక్కడ రెండు కంపెనీలు ఒకే వీధుల్లో పక్కపక్క ఇళ్లకు నీళ్లిచ్చేవి. లాంబెత్ కంపెనీ 1852లో తన తోడే చోటును థేమ్స్ నదికి ఎగువన, నగరపు మురుగు కలవని వైపుకు మార్చుకుంది. సదర్క్ అండ్ వాక్సాల్ కంపెనీ మార్చుకోలేదు. 1854లో స్నో ఇంటింటికీ తిరిగి ఏ ఇంటికి ఎవరి నీళ్లో కనుక్కున్నాడు. సదర్క్ కంపెనీ నీళ్లు తాగిన ప్రతి 10,000 ఇళ్లకు 315 చావులు, లాంబెత్ నీళ్లు తాగిన ఇళ్లలో 37. ఒకే గాలి, ఒకే వీధి, ఒకే రకం జనం. తేడా కొళాయిలోనే ఉంది.

స్నో కలరా క్రిమిని పట్టుకోలేదు. రాబర్ట్ కాఖ్ 1884లో కలకత్తాలో దాన్ని వేరుచేసి చూపేవరకు వేచి ఉండాల్సిన అవసరం స్నో పుస్తకానికి లేకపోయింది. క్రిమి దొరికాక వాదం ఆగిందా అంటే అదీ లేదు. మ్యూనిక్‌లో మాక్స్ ఫాన్ పెటెన్‌కోఫర్ 1892లో కలరా క్రిములున్న ద్రవాన్ని తాగి చూపించాడు. కొద్దిపాటి విరేచనాలతో బయటపడ్డాడు. క్రిమి ఒక్కటే చాలదు, నేలా తేమా మనిషి స్థితీ కలిసిరావాలి అన్నది ఆయన పట్టు. నీటి విషయంలో ఆయన పొరబడ్డాడు. క్రిమి ఒంట్లోకి పోయినా కొందరికి కలరా ఎందుకు రాదు అన్న ప్రశ్న మాత్రం అర్థం లేనిది కాదు.

క్రిమి కోసం వెతికిన ఉత్సాహంలో ఒక జబ్బు విషయంలో జరిగిన పొరపాటు కథ ఇంకా లోతైనది. పెల్లాగ్రా వస్తే ఎండ తగిలే చోటల్లా చర్మం మాడినట్టవుతుంది, మెడ చుట్టూ పట్టీ కట్టినట్టు మచ్చ పడుతుంది, విరేచనాలు పట్టుకుంటాయి, చివరకు మతి చలిస్తుంది. 20వ శతాబ్దం మొదట్లో అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో ఇది వేలమందికి సోకింది. సోకింది అనే అప్పటి డాక్టర్లూ అనుకున్నారు. ఎలిజబెత్ ఎథరిడ్జ్ 1972లో రాసిన 'ది బటర్‌ఫ్లై కాస్ట్' ఆ చరిత్రంతా చెబుతుంది.

1914లో అమెరికా ప్రజారోగ్య శాఖ జోసెఫ్ గోల్డ్‌బర్గర్ అనే వైద్యుణ్ని ఈ పని మీద పంపింది. పిచ్చాసుపత్రుల్లో ఆయన కంటబడింది చాలా మామూలు సంగతి: రోగులకు పెల్లాగ్రా వస్తోంది, వాళ్ల మధ్యే తిరిగే నర్సులకూ కాపలావాళ్లకూ రావడం లేదు. అంటువ్యాధికి జీతగాడెవరో తెలుస్తుందా? తేడా తిండిలో ఉందని ఆయన అనుమానించాడు. 1915లో మిసిసిపీ రాష్ట్రంలోని రాంకిన్ జైలు పొలంలో, శిక్ష మాఫీ చేస్తామన్న హామీతో ముందుకొచ్చిన ఖైదీలకు మొక్కజొన్న ప్రధానంగా ఉన్న తిండి పెట్టారు. చివరిదాకా ఉన్న 11 మందిలో ఆరుగురికి పెల్లాగ్రా లక్షణాలు కనిపించాయి. ఇలాంటి ప్రయోగం ఇప్పుడు ఏ నైతిక సంఘమూ ఒప్పుకోదు, ఒప్పుకోకూడదు కూడా. అయినా అంటువ్యాధి వాదులు తగ్గకపోయేసరికి, 1916లో ఆయనా, భార్యా, సహచరులూ రోగుల రక్తం ఎక్కించుకున్నారు. మగవాళ్లు రోగుల చర్మపు పొట్టునూ మలాన్నీ పిండితో ఉండలు చేసి మింగారు. ఎవరికీ పెల్లాగ్రా రాలేదు.

ఇక్కడితో ఆగి ఉంటే అది ఒక విటమిన్ కథ అయ్యేది. ఆ విటమిన్ నయాసిన్ అని 1937లో తేలింది కూడా. అప్పటికి గోల్డ్‌బర్గర్ చనిపోయి ఎనిమిదేళ్లు. ఆయన బతికుండగా చేసిన గొప్ప పని వేరే. ఎడ్గర్ సిడెన్‌స్ట్రికర్ అనే ఆర్థికశాస్త్రవేత్తను వెంటబెట్టుకుని దక్షిణ కరోలినాలోని ఏడు బట్టల మిల్లు పల్లెల్లో ఇంటింటి ఆదాయం, తిండి, జబ్బు లెక్కలు కట్టాడు. ఆదాయం తగ్గేకొద్దీ పెల్లాగ్రా పెరిగింది. అంతకు మించిన సంగతి ఒకటుంది. ఆదాయం ఒకే తీరున ఉన్న పల్లెల మధ్య కూడా తేడా కనిపించింది. చుట్టుపక్కల రైతులు పాలూ మాంసమూ కూరలూ అమ్మకానికి తెచ్చే పల్లెలో జబ్బు తక్కువ. చుట్టూ పత్తి తప్ప మరేమీ పండని చోట ఎక్కువ. చేతిలో డబ్బున్నా కొనడానికి సరుకు లేదు. రోగ కారణం మొక్కజొన్న పొత్తులోంచి భూమి కౌలులోకీ పత్తి ధరలోకీ జరిగింది. దక్షిణాది నాయకులకు ఈ నిర్ధారణ క్రిమి కంటే చేదుగా తోచింది.

దానికి ఇంకా వెనక మరో కారణం ఉంది. మెక్సికోలో మొక్కజొన్న వేల ఏళ్లుగా ప్రధాన ఆహారం, పెల్లాగ్రా బాధ మాత్రం అక్కడ లేదు. అక్కడి ఆడవాళ్లు గింజలను సున్నపు నీళ్లలో ఉడికించి, నానబెట్టి, కడిగి రుబ్బుతారు. దానితో గింజలో బిగుసుకుని ఉన్న నయాసిన్ విడుదలై ఒంటికి పడుతుంది. స్పెయిన్ వాళ్లు గింజలు ఓడలెక్కించారు, వంట పద్ధతి ఎక్కించలేదు. స్పెయిన్‌లోని అస్తూరియస్‌లో గాస్పర్ కాసల్ అనే వైద్యుడు 18వ శతాబ్దంలో ఈ జబ్బును మొదటిసారి వర్ణించడం ఆ తొందరపాటు ఫలితమే.

ఈ కథకు హైదరాబాదులో ఒక అధ్యాయం ఉంది. దక్కనులో మొక్కజొన్న కాదు, జొన్నే రోజంతా తినే పేదల్లో పెల్లాగ్రా కనిపించేది. జొన్నలో నయాసిన్ మరీ తక్కువ కాదు. మరి ఎందుకు? ఇప్పటి జాతీయ పోషకాహార సంస్థ అప్పటికి కొత్తగా కూనూరు నుంచి హైదరాబాదుకు మారిన పోషకాహార పరిశోధనశాల. అక్కడి సి. గోపాలన్, ఎస్.జి. శ్రీకంటియా 1960లో లాన్సెట్ పత్రికలో ఒక జవాబు ప్రతిపాదించారు: జొన్నలో ఎక్కువగా ఉండే లూసిన్ అనే అమైనో ఆమ్లం, ఒంట్లో నయాసిన్ తయారై పనిచేసే తీరుకు అడ్డుపడుతుంది. దీని మీద వాదోపవాదాలు చాలా ఏళ్లు నడిచాయి. పప్పూ కూరా మజ్జిగా పక్కన ఉంటే జొన్నరొట్టె వల్ల ఎవరికీ పెల్లాగ్రా రాదు. నగరాల్లో చక్కెర జబ్బు భయంతో ఇప్పుడు దాన్ని వెతుక్కుని తినేవాళ్లకు ఆ రొట్టె ఒకప్పుడు ఒక్కటే తిండిగా ఉన్న ఇళ్ల సంగతి తెలియకపోవచ్చు.

ఇదంతా ఫలానా జబ్బు ఫలానా మనుషులకు ఎందుకు వచ్చింది అన్న ప్రశ్న. మనిషి జాతిలోకే అది ఎక్కడి నుంచి వచ్చింది అన్నది వేరే ప్రశ్న, జనాదరణ పొందిన పుస్తకాలు ఎక్కువగా దీని మీదే వచ్చాయి. ఆధారాల కంటే కథ ముందు పరుగెత్తడం కూడా ఇక్కడే ఎక్కువ.

సికింద్రాబాదులో 1897 ఆగస్టు 20న రోనాల్డ్ రాస్ అనే బ్రిటిష్ సైనిక వైద్యుడు దోమ పొట్ట గోడలో మలేరియా పరాన్నజీవిని చూశాడు. హుసేన్ ఖాన్ అనే రోగిని కుట్టిన దోమ అది. కుట్టించుకున్నందుకు రాస్ ఒక్కో దోమకు ఒక అణా చొప్పున ఇచ్చాడు. 1923లో వచ్చిన రాస్ ఆత్మకథలో ఈ శోధన వివరంగా ఉంటుంది. అందులో ఇటలీ శాస్త్రవేత్త గ్రాసీ మీద కోపం కూడా అంతే వివరంగా ఉంటుంది. దోమ మలేరియాను ఎలా మోస్తుందో తేలింది సరే. ప్రాణాంతకమైన ఫాల్సిపారం మలేరియా మనుషులకు ఏ జీవి నుంచి వచ్చింది?

జారెడ్ డైమండ్ 1997లో రాసిన 'గన్స్, జెర్మ్స్ అండ్ స్టీల్'లో దీనికి ఒక పట్టిక ఉంది. పెంపుడు జంతువులు మనకిచ్చిన ప్రాణాంతక కానుకలట అవి. తట్టు, క్షయ, మశూచి పశువుల నుంచి, ఫ్లూ పందులూ బాతుల నుంచి, ఫాల్సిపారం మలేరియా పక్షుల నుంచి, బహుశా కోళ్లూ బాతుల నుంచి. పశువుల్ని ముందు పెంచుకున్న యురేషియా జనాలకు ఈ జబ్బులు అలవాటయ్యాయి, అమెరికా ఖండాల జనాలకు కాలేదు, అందుకే కొలంబస్ తర్వాత అక్కడ లక్షలకు లక్షలు చనిపోయారు అన్నది ఆయన వాదం. 1976లో విలియం మెక్‌నీల్ 'ప్లేగ్స్ అండ్ పీపుల్స్'లో ఇదే బాట వేశాడు.

వాదం బాగానే ఉంది, పట్టికకే పాతికేళ్లలో చిల్లులు పడ్డాయి. క్షయ సంగతి చూడండి. ఆవుల క్షయ క్రిమి నుంచి మనిషి క్షయ క్రిమి పుట్టిందని పాఠ్యపుస్తకాలు కూడా రాసేవి. 2002లో ఈ క్రిముల జన్యువులను పోల్చి చూశారు. ఆవుల క్రిమి పోగొట్టుకున్న జన్యు ముక్కలు మనిషి క్రిమిలో ఉన్నాయి. పోయిన ముక్క తిరిగి మొలవదు కనుక ఆవు క్రిమి మనిషి క్రిమికి తల్లి అయ్యే వీల్లేదు. ఆవు నుంచి మనకు వచ్చిందన్న కథ అక్కడ తెగింది. మశూచి వైరస్‌కు దగ్గరి బంధువులు ఆఫ్రికా జెర్బిల్ ఎలుకలోనూ ఒంటెలోనూ దొరికాయి, ఆవులో కాదు. ఫాల్సిపారం విషయంలో 2010లో అడవిలో సేకరించిన వేలాది కోతిజాతి మలం నమూనాలు పరీక్షిస్తే, మూలం గొరిల్లా అని తేలింది. కోళ్లు నిర్దోషులు. పట్టికలో నిలబడిన వాటిలో తట్టు ఒకటి. అది పశువుల రిండర్‌పెస్ట్ వైరస్‌కు దగ్గరి చుట్టమే.

దీనితో డైమండ్ పుస్తకం కొట్టివేయాలా? అక్కర్లేదు. కిక్కిరిసిన ఊళ్లు లేకుండా తట్టు లాంటి జబ్బు బతకలేదన్నది ఇప్పటికీ నిజమే. పశువు నుంచి మనిషికి అన్న బాణపు గుర్తును మాత్రం ఆయన ఆధారం ఉన్నంత మేరకు కాక, వాదానికి కావలసినంత మేరకు గీశాడు. మెక్‌నీల్‌కూ ఇదే ఇబ్బంది ఎదురైంది. 14వ శతాబ్దపు నల్ల ప్లేగును మంగోల్ గుర్రపు దండులు యున్నాన్, బర్మా వైపు నుంచి గడ్డి మైదానాలకు మోసుకొచ్చాయని ఆయన ఊహించాడు. ఊహ అని ఒప్పుకున్నాడు కూడా, అది ఆయన నిజాయతీ. కిర్గిజ్‌స్థాన్‌లో ఇస్సిక్ కుల్ సరస్సు దగ్గరి పాత శ్మశానాల్లో 1338, 1339 సంవత్సరాల సమాధి రాళ్లు అసాధారణంగా ఎక్కువ. 467 రాళ్లలో 118 ఆ రెండేళ్లవే. కొన్నింటి మీద సిరియాక్ లిపిలో మహామారి అని రాసి ఉంది. అక్కడి పళ్లలోంచి తీసిన ప్లేగు క్రిమి జన్యువు, యూరప్‌ను ఊడ్చిన క్రిమికి పూర్వరూపమని 2022లో ప్రకటించారు.

ఎయిడ్స్ మీద రెండు పుస్తకాలను పక్కపక్కన పెట్టి చదివితే ఊహకూ ఆధారానికీ ఉన్న ఈ తేడా స్పష్టంగా తెలుస్తుంది. 1999లో ఎడ్వర్డ్ హూపర్ 'ది రివర్' రాశాడు. సుమారు వెయ్యి పేజీల పుస్తకం. 1950ల చివర బెల్జియన్ కాంగోలో వేసిన నోటి పోలియో టీకాను చింపాంజీ కణాల్లో పెంచారని, ఎయిడ్స్ అలా పుట్టిందని వాదించాడు. ఆయన తిరిగిన ఊళ్లు, కలిసిన మనుషులు చూస్తే శ్రమకు దండం పెట్టాల్సిందే. అయితే మిగిలిన పాత టీకా నిల్వలను పరీక్షిస్తే చింపాంజీ జాడ దొరకలేదు. హూపర్ అనుమానించిన కిసంగాని ప్రాంతపు చింపాంజీల వైరస్ మనిషి వైరస్‌కు వేరే శాఖ అని 2004లో తేలింది. వైరస్ మార్పుల వేగాన్ని బట్టి లెక్కవేస్తే అది మనిషిలోకి వచ్చింది 1908 ప్రాంతంలో, అంటే టీకాకు యాభై ఏళ్ల ముందు, ఆగ్నేయ కామెరూన్ చింపాంజీల నుంచి.

2011లో వచ్చిన జాక్ పెపాన్ పుస్తకం 'ది ఆరిజిన్స్ ఆఫ్ ఎయిడ్స్' కూడా వైద్యుల మీదే వేలు చూపిస్తుంది. పెపాన్ 1980ల్లో జైర్ (ఒకప్పటి బెల్జియన్ కాంగో)లోని ఒక ఆసుపత్రిలో అతినిద్ర వ్యాధికి వైద్యం చేసినవాడు. వేటలో చింపాంజీ రక్తం తగిలి ఒక మనిషికి వైరస్ అంటడం వింత కాదు, అది ఎన్నిసార్లు జరిగిందో చెప్పలేం. ఆ ఒక్కడి నుంచి వేలమందికి ఎలా చేరింది అన్నదే ఆయన ప్రశ్న. వలస పాలకులు అతినిద్ర వ్యాధి, యాస్ అనే చర్మవ్యాధి లాంటి వాటి మీద నడిపిన ఉద్యమాల్లో ఒకే సూదితో వరసగా ఎంతోమందికి ఇంజెక్షన్లు ఇచ్చేవారు. దీనికి పెపాన్ చూపిన సాక్ష్యం తెలివైనది. అలాగే రక్తం ద్వారా పాకే హెపటైటిస్ సి, ఆ కాలంలో ఇంజెక్షన్లు వేయించుకున్న ముసలివాళ్లలో ఎక్కువగా ఉందా అని వెతికాడు. ఉంది. దీనికి తోడు మగ కూలీలతో నిండిన లియొపోల్డ్‌విల్ (ఇప్పటి కిన్షాసా) నగరం, అక్కడి వేశ్యావృత్తి, రైలు దారి. పెపాన్ వాదంలో ప్రతి మెట్టునూ విడిగా పరీక్షించవచ్చు, తప్పయితే ఆ మెట్టు వరకే కూలుతుంది. హూపర్ వాదం ఒకే రాయి మీద నిలబడింది.

ఇక రోగాన్ని ఒంటిలోపలే వెతికిన పుస్తకాలు. రాండాల్ఫ్ నెస్, జార్జ్ విలియమ్స్ 1994లో రాసిన 'వై వుయ్ గెట్ సిక్' జీవపరిణామం మన ఒంటి లోపాలను ఎందుకు తుడిచెయ్యలేదని అడుగుతుంది. మలేరియా నుంచి కాపాడే సికిల్ సెల్ జన్యువు ఇద్దరు తల్లిదండ్రుల నుంచీ వస్తే ప్రాణం తీస్తుంది. మన ఏజెన్సీ ఆదివాసుల్లో ఆ జబ్బు ఉండటం ఈ లెక్కలోదే. అయితే ప్రతి జబ్బుకూ ఇలాంటి లాభం కథ అల్లడం సులువు, ఆ పుస్తకం అక్కడక్కడా ఆ సులువుకు లొంగింది. సిద్ధార్థ ముఖర్జీ 'ది ఎంపరర్ ఆఫ్ ఆల్ మాలడీస్' (2010) క్యాన్సర్‌కు బయటి కారణం, లోపలి కారణం అన్న పాత తగాదాను చక్కగా చెబుతుంది. తెలుగువాళ్లకు అందులో మరో ఆకర్షణ ఎల్లాప్రగడ సుబ్బారావు. ఫోలిక్ ఆమ్లం మీద ఆయన పని చివరకు లుకేమియా మందుకు దారితీసింది.

తెలుగు నేల మీద నీటితో వచ్చిన జబ్బుల పుస్తకం రాయడానికి కావలసినంత సరుకుంది. నీటిలో ఫ్లోరైడ్ ఎక్కువై ఎముకలు వంగే ఫ్లోరోసిస్‌ను అప్పటి నెల్లూరు జిల్లాలో 1937లోనే వైద్యులు నమోదు చేశారు. నల్లగొండ పేరు తర్వాత వచ్చింది. అక్కడ కారణం రాయిలో ఉందని తెలుసు, బోరు లోతుకు పోయేకొద్దీ, నది నీరు అందకపోయేకొద్దీ ఆ రాయి మనుషుల్లోకి దిగుతుందనీ తెలుసు. శ్రీకాకుళం జిల్లా ఉద్దానం సంగతి అలా కాదు. కొబ్బరి, జీడిమామిడి తోటల ఆ ప్రాంతంలో మధుమేహమూ రక్తపోటూ లేని రైతుకూలీల మూత్రపిండాలు దెబ్బతింటున్నాయి. శ్రీలంక ఉత్తర మధ్య ప్రాంతంలోనూ, మధ్య అమెరికా చెరకు తోటల్లోనూ ఇలాంటిదే ఉంది. తాగే నీటిలోని సిలికా, లోహాలు, పురుగుమందులు, ఎండలో నీళ్లు తాగకుండా చేసే చాకిరీ, నొప్పి మాత్రలు, వీటిలో ప్రతిదాన్నీ ఎవరో ఒకరు పట్టుకున్నారు. ఏదీ తేలలేదు.

2023 డిసెంబరులో వంశధార నీళ్లను గొట్టాల ద్వారా ఉద్దానం ఊళ్లకు ఇచ్చే పథకం మొదలైంది. నీళ్లే కారణమైతే, ఆ నీళ్లు తాగి పెరిగే పిల్లల్లో జబ్బు తగ్గాలి. తగ్గకపోతే అనుమానం ఎండ మీదికీ పని గంటల మీదికీ మళ్లాలి. స్నోకు ఆ తేడా ఒక్క ఎండాకాలంలో కనిపించింది. మూత్రపిండాల జబ్బు ముదరడానికి ఏళ్లు పడుతుంది కనుక, ఏ ఇంటికి ఏ నీళ్లు ఎప్పటి నుంచి వస్తున్నాయో ఇప్పటి నుంచే రాసి పెట్టుకున్నవాళ్లే రేపు ఆ లెక్క తేల్చగలరు.